గోడకెక్కిన నాడెలు

ఊళ్లు చూడటమంటే గుళ్లు చూడటమే అనుకునే నన్ను సూరత్ రప్పించింది మా తమ్ముడు. అక్కడ రైల్వేలో ఉద్యోగం వాడికి. "బమ్రోలిలో మన జగిత్యాలాయన ఇంకా చేత్తో నాడెలు చేస్తున్నాడు. కార్ఖానా మూతపడేలోపు చూసిపో" అన్నాడు ఫోన్లో. నాడె అంటే మగ్గంలో అటూ ఇటూ పరుగెత్తి పేక నూలు పరిచే కొయ్య.

సికింద్రాబాద్‌లో మధ్యాహ్నం ఎక్కితే మర్నాడు పదిన్నరకు సూరత్. పై బెర్తు పుణ్యమా అని నడుం పట్టేసింది. స్టేషన్ బయట వేడివేడి శనగపిండి లోచో తిని, షేర్ ఆటోలో ముప్పై రూపాయలిచ్చి బమ్రోలి బయల్దేరాను. పక్కనున్న తెలుగు మిల్లు కార్మికుణ్ని, నాడెలు చేసే జగిత్యాలాయన షెడ్డుకు దారి అడిగాను.

"రాజమల్లు కాడికా సార్? గిప్పుడు నీళ్లతోని నేసే మిషన్లచ్చినయ్. నాడెలెవడు కొంటడు?" అన్నాడు.

రేకుల షెడ్డులో రాజమల్లు, ఆయన భార్య లక్ష్మి, ఇద్దరే ఉన్నారు. అలంకరణ సామాన్ల వ్యాపారి ఒకాయన, గోడకు తగిలించి తాళాలు వేలాడదీసుకోడానికి వంద నాడెలు కావాలన్నాడట. కాకపోతే అవి పాతవాటిలా కనబడాలి, ఒంటినిండా గీతలుండాలి. సాయంత్రం నమూనా నచ్చితేనే ఆర్డరు. లేదంటే ఈ నెలతో షెడ్డు ఖాళీ.

లక్ష్మి కొత్త నాడెను ఆకురాయితో గీకి పక్కన పెడుతోంది. రాజమల్లు నాతో మాట్లాడుతూనే దాన్ని అందుకుని, గరుకు కాగితంతో మళ్లీ నున్నగా రుద్దేస్తున్నాడు. నాకు నవ్వాగలేదు. ఆమెకు మాత్రం ఒళ్లు మండింది.

"ఏందయ్యా, పొద్దుగాల్ల సంది గిదే పని! షెడ్డు ఉండాల్నా, పోవాల్నా?"

"గీతలుంటే నూలు తెగుతది గదనే."

"గోడకాడ నూలేడుంటదయ్యా?"

ఆయన గరుకు కాగితం కింద పెట్టాడు. తర్వాత ఆమె చేతిలోని ఆకురాయి తీసుకుని, మొహం పక్కకు తిప్పుకుని, తనే గీత పెట్టాడు.

నాలుగింటికి వ్యాపారి వచ్చి, నమూనా తిప్పి చూసి సరేనన్నాడు. లక్ష్మి అందరికీ చాయ్ పెట్టింది. నేను లేస్తుంటే రాజమల్లు, గీత పడని నాడె ఒకటి పేపర్లో చుట్టి చేతిలో పెట్టాడు.

"ఎవరన్న నేసేటోళ్లకియ్యుండ్రి సార్. గోడకు మాత్రం కొట్టకుండ్రి."

ఆ రాత్రి తమ్ముడింట్లో పడుకుని, మర్నాడు తిరుగు రైలెక్కాను. సూరత్ వెళ్లేవాళ్లు చీరలు కొనకుండా రారు. ఒక పూట మిగిలితే బమ్రోలి కూడా వెళ్లండి, షెడ్డు ఇంకొన్నాళ్లు ఉంటుంది. రైల్లో ఎదుటి సీటావిడ నాడె పొట్లం అడిగి తీసుకుని, విప్పి చూసి, "ఎంత నున్నగా ఉందండీ! హాల్లో పెట్టుకుంటే బాగుంటుంది" అంది. కాదు, ఇది నేసేవాళ్లకివ్వాలి అన్నాను. ఎవరికని అడిగింది. సికింద్రాబాద్ చేరేదాకా ఆలోచించినా, నాకు తెలిసిన నేతగాడు ఒక్కడూ గుర్తుకు రాలేదు.