డోరీన్ ఆంటీ ముత్తాతను నేను నిర్దోషిగా విడిపించిన వైనం

దొంగ అని ముద్ర పడిన మనిషిని నిర్దోషి అని నిరూపించడం ఏ న్యాయవాదికైనా గర్వకారణమే. నేను న్యాయవాదిని కాను. అయినా ఆ పని చేశాను. ఫలితంగా ఒక ఆదివారం మధ్యాహ్నం, పెర్త్ నగరంలోని కానింగ్ వేల్‌లో, ఒక ఇంటి పెరట్లో నలభై మంది తినవలసిన సాసేజీలు పొయ్యి మీదనే బొగ్గులైపోయాయి. కేకు కోయడానికి ఎవరికీ చెయ్యి రాలేదు. డెబ్బై దాటిన ఒక పెద్దావిడ కుర్చీలో కూలబడిపోయింది. పాఠకులు నా పట్ల మరీ కఠినమైన తీర్పు ఇవ్వవద్దని మనవి. ఆ తీర్పేదో ఆ రోజే అక్కడున్నవాళ్లు ఇచ్చేశారు.

మా వంశంలో డిగ్రీ పట్టా పుచ్చుకున్న మొదటివాణ్ని నేను. అలాంటివాడికి ఒక జబ్బు ఉంటుంది. చదివిన ప్రతి ముక్కా ఎవరో ఒకరికి ఉపయోగపడి తీరాలన్న తాపత్రయం. ఇక్కడి యూనివర్సిటీలో చేరిన మొదటి నెలలోనే మా లెక్చరర్ నా ఇంగ్లీషు విని, "వ్యాకరణం బాగుంది గాని, మనుషులు మాట్లాడుకున్నట్టు లేదు. సంభాషణలున్న పుస్తకాలు చదువు" అని సలహా ఇచ్చారు. నేను బుద్ధిమంతుడిలా పాత పుస్తకాల దుకాణానికి వెళ్లాను. అక్కడ బ్రిటన్‌లో పూర్వం జరిగిన నేరాలు, సంచలన విచారణల పుస్తకాలు ఒక బీరువా నిండా కనిపించాయి. తెరిచి చూస్తే అన్నీ సంభాషణలే! లాయరు అడుగుతాడు, సాక్షి చెబుతాడు. ఇంతకన్నా ఏం కావాలి?

ఆరు నెలలు తిరిగేసరికి మొగుడి సూపులో విషం కలిపిన ఇల్లాళ్లూ, గుర్రాల మీద వచ్చి బాటసారులను దోచుకున్న దొంగలూ, దొంగ వీలునామాలు పుట్టించిన మేనల్లుళ్లూ నాకు దగ్గరి చుట్టాలకన్నా ఎక్కువైపోయారు. నా ఇంగ్లీషు కూడా నిజంగానే మారింది. ఎంతగా అంటే, ఒకరోజు బస్సు డ్రైవరును, "అయ్యా, తమరు భయపడకుండా సత్యమే పలకవలసిందిగా కోరుతున్నాను. ఈ బస్సు రైల్వే స్టేషనుకు పోవునా, పోదా?" అని నిలదీశాను. అతను నన్ను ఎగాదిగా చూసి, టికెట్టు కూడా అడగకుండా లోపలికి పంపించాడు.

నేను అద్దెకున్నది డోరీన్ ఆంటీ ఇంటి వెనకగదిలో. పక్కగదిలో కరీంనగర్ సంతోష్ ఉండేవాడు, గోడౌన్‌లో ఫోర్క్‌లిఫ్ట్ నడిపేవాడు. డోరీన్ ఆంటీ భర్త పోయి చాలాకాలమైంది. ఆవిడ మాట్లాడేది ఇంగ్లీషే గాని, ఇక్కడ తెలుగులో వినిపిస్తున్నాను. పాలవాడి నుంచి పాస్టరు దాకా అందరినీ ఆవిడ పిలిచే 'లవ్' అన్న పిలుపును మాత్రం కదల్చలేదు.

ఒక సాయంత్రం ఆవిడ టీ కప్పుతో నా గుమ్మంలోకి వచ్చింది.

"ఎప్పుడూ ఆ హంతకుల పుస్తకాలే చదువుతావు కదా లవ్, వాటిలో మా సైలస్ ఎక్కడైనా తగిలాడా?"

"సైలస్ ఎవరండీ?"

"సైలస్ టిబ్బెట్. మా ముత్తాత. ఇంగ్లండులో పాదిరిగారింట్లో వెండి టీపాట్ కొట్టేస్తే ఓడెక్కించి ఇక్కడికి పంపారు. మాది దొంగ సంతతి, లవ్!" అని పకపకా నవ్వింది.

ఆ నవ్వు నా గుండెను పిండేసింది. మా ఊళ్లో ఎవరి మేనమామ అయినా ఒక్కపూట పోలీస్ స్టేషన్ బెంచీ మీద కూర్చున్నాడంటే, మూడు తరాల దాకా పెళ్లి సంబంధాల దగ్గర ఆ మేనమామ పుట్టనే లేదన్నట్టు మాట్లాడతారు. ఈవిడ ఆ పరువు నష్టాన్ని నవ్వుతో కప్పిపుచ్చుకుంటోందని నాకు తక్షణమే అర్థమైపోయింది. నాకు తక్షణమే అర్థమైనవన్నీ తప్పులేనని తెలిసేంత చదువు అప్పటికి నాకు రాలేదు.

"వచ్చే నెల మా వాళ్లందరూ ఇక్కడ కలుస్తున్నాం. ఇలా ఓడల్లో వచ్చిన దోషుల వారసులకు ఒక సంఘం ఉంది, దాని ప్రెసిడెంట్ స్వయంగా వస్తున్నాడు. విచారణ రికార్డు ఏదైనా చదివి వినిపిస్తే అక్కడికక్కడే నాకు సర్టిఫికెట్ ఇస్తాడు. మా ఆడపడుచు బెరిల్‌కు పదేళ్ల కిందటే ఇచ్చారు. ఆవిడకు ఇద్దరు! ఒకడు గొర్రెల దొంగ, ఇంకొకడు దొంగనోట్లవాడు. ప్రతి క్రిస్మస్‌కూ బ్యాడ్జీ పెట్టుకుని నా ఎదురుగా కూర్చుంటుంది. నాకు ఆ సర్టిఫికెట్ కావాలి, లవ్. చచ్చేలోపల కావాలి."

ఇంత విన్నాక పసిపిల్లవాడికైనా విషయం బోధపడాలి. నాకు పడలేదు. మన దగ్గర వరద బాధితులకు మండలాఫీసులో ఇచ్చే కాగితం లాంటిదే ఇదీ అనుకున్నాను. నష్టపోయిన కుటుంబాలకు ఏదో ఓదార్పు, ఏదో గుర్తింపు. పాపం బెరిల్ గారి ఇంట్లో రెండుసార్లు వరద వచ్చింది కాబోలు.

ఆ ఆదివారం ఇంటికి ఫోన్ చేసినప్పుడు మా నాన్నతో చెప్పాను.

"ఓర్నీ! దొంగల ఖాందాన్ అని ఆమెనే చెప్పుకుంటదా?" అన్నాడు నాన్న.

"నవ్వుకుంట చెప్తది నాన్నా."

"లోపల ఎంత బాధున్నదో బిడ్డా. కన్నతల్లి లెక్క చూసుకుంటున్నది నిన్ను. సదువుకున్నోడివి, గా మచ్చ పోయేటట్టు ఏమన్నా చెయ్యరాదు."

సంతకం మించి అక్షరం రాయని మా నాన్న నా చదువు మీద పెట్టుకున్న నమ్మకం అది. నాలుగు వారాలు పుస్తకాలన్నీ తిరగేశాను. చివరికి అట్ట ఊడిపోయిన ఒక లావుపాటి సంపుటంలో ఆ కేసు దొరికింది. పాదిరిగారిల్లు ఉంది, వెండి టీపాట్ ఉంది, సైలస్ టిబ్బెట్ ఉన్నాడు. చదువుతూ చదువుతూ లేచి నిలబడ్డాను. సైలస్ ముద్దాయి కాడు! ఆయన పాదిరిగారి తోటమాలి. టీపాట్ దొంగిలించినవాడు జార్జ్ హాబ్స్ అనే ఆయన స్నేహితుడు. సైలస్ కళ్లారా చూసి, పరుగున వెళ్లి పోలీసుకు చెప్పి, కోర్టులో సాక్ష్యమిచ్చి హాబ్స్‌ను ఓడెక్కించాడు. ఆ నిజాయితీకి మెచ్చి పాదిరిగారు ఆయనకు ప్రయాణ ఖర్చులిచ్చి, ఖైదీగా కాక స్వతంత్రుడిగా ఇక్కడికి పంపించారు. కాలక్రమంలో కుటుంబం ఇద్దరినీ కలగాపులగం చేసుకుంది.

ఆవిడ దగ్గరకు పరుగెత్తాను. "ఆంటీ, దొరికింది!"

"చెప్పకు, చెప్పకు! ఆ రోజే అందరి ముందూ చదువు."

"మీకు కళ్లనీళ్లు ఆగవు ఆంటీ."

"నాకు ఇప్పుడే ఆగడం లేదు, లవ్!"

అందరూ కలిసే ఆదివారం రానే వచ్చింది. ముప్పై ఎనిమిది డిగ్రీల ఎండలో నేను కోటు వేసుకుని, టై కట్టుకుని దిగాను. పెరటి నిండా చుట్టాలు. ఒక్కొక్కరి టీషర్టు మీద సంకెళ్లు వేసిన టీపాట్ బొమ్మ. బల్ల మీద కూడా టీపాట్ ఆకారంలో కేకు. పశ్చాత్తాపాన్ని ఇంత రంగురంగులుగా ప్రకటించుకునే కుటుంబాన్ని నేనెన్నడూ చూడలేదని ముచ్చటపడ్డాను. సంతోష్ మాత్రం నా పక్కకు జరిగాడు.

"అన్నా, వీళ్లు ఫుల్ హ్యాపీగున్నరు. నీ స్పీచ్‌ల ఏమున్నదో నాకు ఒక్కసారి చూపియ్యరాదు."

"మహదానందం కలిగించే వార్త ఉంది."

"ఎవరికే?"

ఆ ప్రశ్నకు జవాబు చెప్పడం నా స్థాయికి తక్కువనిపించింది. కుర్చీ ఎక్కాను. "గౌరవనీయులైన ప్రెసిడెంటుగారూ, టిబ్బెట్ వంశజులారా! నూట యాభై ఏళ్లకు పైగా ఈ కుటుంబం ఒక అన్యాయమైన నిందను మోస్తోంది. నేడు అది తొలగిపోతోంది. సైలస్ టిబ్బెట్ దొంగ కాడు! దొంగను పోలీసులకు పట్టించిన సత్యసంధుడు!"

చప్పట్ల కోసం ఆగాను. పొయ్యి మీద సాసేజీలు తిప్పుతున్నవాడు తిప్పడం మానేశాడు.

వెనక నుంచి ఎవరో గొంతు తగ్గించి, "డాబర్" అన్నారు. తోటివాడి మీద చాడీ చెప్పి పట్టించేవాణ్ని ఇక్కడ అలా పిలుస్తారు. ఈ దేశంలో దొంగను క్షమిస్తారు, కల్తీ బీరు పోసినవాణ్ని క్షమిస్తారు, డాబర్‌ను మాత్రం క్షమించరు. అది నాకు అప్పటికి తెలియదు.

పొయ్యి దగ్గరున్న మేనల్లుడొకడు పటకారు పట్టుకునే ముందుకొచ్చాడు. "సరిగ్గా చూశావా మిత్రమా? టీపాట్ కాకపోతే పోనీ, ఒక చెంచా అయినా తీసి ఉంటాడు."

"లేదండీ. ఆయన శీలం మచ్చలేనిది."

"చిన్న చెంచా?"

"జడ్జిగారు ఆయనను ప్రత్యేకంగా ప్రశంసించారు కూడా."

"ప్రశంస కూడానా!" అని ఒక ముసలాయన తల పట్టుకున్నాడు.

ప్రెసిడెంట్ దగ్గి, చేతిలోని సర్టిఫికెట్‌ను మళ్లీ కవరులోకి తోసేశాడు. "క్షమించాలి డోరీన్. నియమాలు నియమాలే."

అప్పుడు బెరిల్ లేచి, గుండెల మీది బ్యాడ్జీ సవరించుకుని, వదినగారి భుజం మీద చెయ్యి వేసింది. "అయ్యో డోరీన్, ఎంత ఘోరం. మీది మర్యాదస్తుల కుటుంబమా!"

డోరీన్ ఆంటీ కుర్చీలో కూలబడింది. నేను ఆనందబాష్పాలనుకుని, సైలస్ గారి సాక్ష్యం రెండో పేజీ మొదలుపెట్టాను. సంతోష్ నా కోటు పట్టుకుని కిందికి లాగాడు. "ఇగ చాలన్నా, దిగు! ఆమె నిజంగనే ఏడుస్తున్నది!"

ఆ తర్వాత అతనే నన్ను గదిలో కూర్చోబెట్టి, ఇక్కడివాళ్లకు దొంగ ముత్తాత ఉండటం ఎంత గొప్పో అరగంటసేపు చెప్పాడు. అతనికి ఇదంతా గోడౌన్‌లో టీ తాగేటప్పుడే తెలిసిపోయిందట. నాకేమో యూనివర్సిటీ.

మర్నాటి నుంచి డోరీన్ ఆంటీ నన్ను పేరు పెట్టి పిలవసాగింది. లవ్ పోయి, వెంకటరమణ వచ్చాడు. ఒక్కో అక్షరం విడివిడిగా పలుకుతూ మరీ పిలిచేది.

మూడు శనివారాలు లైబ్రరీలో కూర్చున్నాను. ఆవిడ వంశంలో ఒక్క నేరస్థుడైనా దొరకకపోతాడా అని దేవుళ్లకు మొక్కుకున్నాను. ఒక కుటుంబంలో దొంగ ఉండాలని ఆంజనేయస్వామికి మొక్కినవాణ్ని బహుశా నేనొక్కణ్నే. పెళ్లి రిజిస్టర్లూ, ఓడల జాబితాలూ, విచారణల పుస్తకాలూ పక్కపక్కన పెట్టుకుని చూడగా, మూడో శనివారం స్వామి కరుణించాడు. ఈసారి ముందుగా సంతోష్‌కు చూపించాను. అతను రెండుసార్లు చదివి, "ఇది సూపర్ అన్నా, పోయి చెప్పు" అన్నాడు.

ఆవిడ వంటింట్లో బంగాళాదుంపలు చెక్కుతోంది.

"ఆంటీ, మీ అమ్మగారి తాత థామస్ గారి గురించి..."

కత్తి ఆగింది. "ఆయన కూడా మంచివాడేనా? చెప్పెయ్, తట్టుకుంటాను."

"గుర్రం దొంగ అండీ."

"ఒట్టు?"

"ఒట్టు. ఒక కేసులో సాక్ష్యం చాలక విడుదలై, కోర్టు బయటికి వచ్చి, తనను వదిలిపెట్టిన జడ్జిగారి గుర్రమే ఎక్కి వెళ్లిపోయారు. పదేళ్లు వేసి ఓడెక్కించారు."

"జడ్జి గుర్రమా!" అని ఆవిడ బంగాళాదుంపతో సహా నన్ను కౌగిలించుకుంది. "జడ్జి గుర్రం, లవ్!"

నెల తిరక్కుండా సర్టిఫికెట్ వచ్చింది. టీవీ పైన గోడకు వేలాడదీశాం. మేకు కొట్టింది నేనే.

ఆ మరుసటి రోజు మధ్యాహ్నం, డోరీన్ ఆంటీ లేని సమయం చూసి, బెరిల్ వచ్చింది. చేతిలో పళ్లెం నిండా లామింగ్టన్ కేకులు, చాక్లెట్‌లో ముంచి కొబ్బరి అద్దినవి.

"నీకోసమే చేశాను, డార్లింగ్. మా గొర్రెల దొంగ పేరు నీకెప్పుడైనా చెప్పానా?"

"లేదండీ."

"మంచిది." పళ్లెం నా వైపు కొంచెం జరిపింది. "ఆ పుస్తకాలు ఎన్నున్నాయి నీ దగ్గర?"

"అరవై దాకా ఉంటాయండీ."

పళ్లెం మొత్తం నా ఒళ్లో పెట్టేసింది. "అన్నీ చదవాలని ఏముంది నాయనా. కళ్లు పాడవుతాయి. తిను."

తిన్నాను. ఆఖరి ముక్క గొంతు దిగుతుండగానే లేచి నిలబడి, నా పట్టా మీద చెయ్యి వేసి ప్రమాణం చేశాను. ఇకమీదట ఈ దేశంలో ఏ మనిషినైనా సరే, వారసుల లిఖితపూర్వక అంగీకారం లేనిదే నిర్దోషిగా నిరూపించను గాక నిరూపించను.