ఊరిగాం వ్యానెక్కిన తొమ్మిదో నంబర్

మొన్న ఆదివారం ఏం జరిగిందో తెలుసునా మీకు? ముందే చెప్పేస్తాను, మేం గెల్చినాము. ఆఖరి గోల్ కొట్టింది కూడా నేనే. అయినా గోల్ గురించి ఒక్కరన్నా అడగాల గదా! ఊహూ. ఆండర్సన్‌పేటలో ఎవురు ఎదురుపడినా అడిగేది ఒకటే: "ఏమ్మా రేణూ, ఆ వ్యాన్ సంగతి నిజమేనా?"

నిజమేనప్పా. ఇంగ వాళ్ళూ వీళ్ళూ చెప్పేది ఎందుకు, నా నోటితోనే వినండి. టీ తాగతా వినండి, చల్లారిపోతాది.

నేను పెద్ద టీంలోకి వచ్చి నెల కూడా కాలేదు. అంతవరకూ చిన్నపిల్లల టీంలోనే ఆడతా ఉన్నాను. మా సెంటర్ ఫార్వర్డ్ లక్ష్మక్కకి ప్రాక్టీసులో మడమ బెణికింది. మా కోచ్ సెల్వం సార్ నన్ను పిలిచి తొమ్మిదో నంబర్ జెర్సీ చేతిలో పెట్టినాడు. "ఆదివారం కోలార్లో ఊరిగాం టీంతో ఫైనల్. మొదట్నుంచీ నువ్వే ఆడతావు. జిల్లా టీంకి సెలెక్ట్ చేసేవాళ్ళు వస్తారు. పరువు తియ్యద్దు," అన్నాడు. ఆ రాత్రి జెర్సీ దిండు మీద పరుచుకోని పండుకున్నాను. నవ్వద్దండి!

నాకు ఫోన్లో ఒక పిచ్చి ఉండాది. ఇంగ్లండ్‌లో ఒక పిల్ల, ఫార్వర్డే, నాకంటే రెండేండ్లు పెద్దది అంతే. పదారేండ్లకే పెద్ద టీంలోకి తీసుకున్నారంట. మొదటి మ్యాచ్‌లో ఆఖరి పది నిమిషాలు దింపితే గోల్ కొట్టేసింది! ఆ వీడియో ఎన్నిసార్లు చూసినానో నాకే తెలీదు. కుడిపక్క నుంచి బాల్ తీసుకోని లోపలికి వచ్చి, ఎడమకాలితో వంపు తిప్పి కొడతాది. నాదీ ఎడమకాలే. ఇంగేం కావాల! ఆ పిల్ల మాదిరే జుట్టు ముడేసేది, ఆ పిల్ల మాదిరే సాక్సులు దించేది, ఎడమకాలితోనే కొట్టేది. కుడికాలు అని ఇంకొకటి ఉండాదనేదే మర్చిపోయినాను.

సరే, ఆదివారం వచ్చింది. పొద్దన్నే ఆరున్నరకి బస్టాండు కాడికి వ్యాన్ వస్తాదని సార్ చెప్పినాడు. మా నాయన ఆటోలో తెచ్చి దింపి, "జాగ్రత్తమ్మా" అని చెప్పి బాడుగకి పోయినాడు. సన్నగా తుంపర పడతా ఉండాది, ఒకటే చలి. నేను స్వెట్టర్ టోపీ ముక్కుదాంకా లాక్కోని, చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకోని నిలబడినాను.

తెల్ల వ్యాన్ ఒకటి వచ్చి నిల్చింది. డ్రైవర్ తల బయట పెట్టి ఏదో అడిగినాడు. చెవుల్లో పాట మోగతా ఉండాది గదా, నాకు 'ఫుట్‌బాల్' అనే ఒక్క మాటే వినబడింది. తలూపినాను. ఎక్కినాను. లోపలంతా మసక. అందరూ శాలువాలు, టవల్లు కప్పుకోని నిద్రపోతా ఉండారు. వెనక మూల సీటు ఖాళీగా ఉంటే పోయి కూచున్నాను. రాబర్ట్‌సన్‌పేట దాటినామో లేదో, నేనూ అవుట్!

చెట్నీ వాసనకి మెలకువ వచ్చింది. కండ్లు తెరిస్తే, మెడలో విజిల్ వేసుకున్న ఒకామె నా ముందర స్టీలు డబ్బా పట్టుకోని ఉండాది. "తినమ్మా, చిక్కిపోయినావు" అనింది. ఈమె ఎవురబ్బా అని ఒక్క నిమిషం చూసినాను. సెల్వం సార్ భార్యేమో అనుకున్నాను! ఇడ్లీ తీసుకున్నాను. పూల మాదిరి ఉండాయి. రెండు తిన్నాను. మూడోది నోట్లో పెట్టుకుంటా చూస్తే, ముందు సీటు మీద జెర్సీల కట్ట కనబడింది. పసుపు. మాది నీలం గదా?

అప్పటికైనా బుద్ధి రావాల్నా వద్దా? నాకేం తోచిందో తెలుసునా? "అరె, ఫైనల్‌కని కొత్త జెర్సీలు కుట్టించినారే!" అని సంతోషపడినాను.

అంతలో ఆమె విజిల్ ఊది అందర్నీ లేపింది. "అందరూ నా తట్టు చూడండి. ఆండర్సన్‌పేట టీంలో లక్ష్మి ఆడడం లేదు. కొత్త పిల్ల వస్తాది, రేణుక అని."

నాలుగో ఇడ్లీ గొంతులో నిల్చిపోయింది.

ఊరిగాం! నేను ఎక్కింది ఊరిగాం వ్యాన్! ఆమె వాళ్ళ కోచ్, రోజీ టీచర్! పేరు విన్నానే గానీ మనిషిని ఎప్పుడూ చూడలేదు.

"ఆ పిల్ల ఆట నేను రెండుసార్లు దూరం నుంచి చూసినాను, ముఖం సరిగ్గా తెలీదు" అంటా ఉండాది టీచర్. "పరుగు బాగుండాది. తల పొగరు కూడా బాగానే ఉండాది. ఎవురో ఇంగ్లీషు పిల్లని చూసి కాపీ కొడతాది. కుడిపక్క నుంచి లోపలికి వస్తాది, ఎడమకాలితో కొడతాది. అదొక్కటే తెలుసు దానికి. లోపలికి వచ్చే దోవ మూసేయండి, చాలు. కుడికాలు ఆ పిల్లకి బస్సు ఎక్కేదానికి తప్ప ఇంగ దేనికీ పనికిరాదు."

వ్యానంతా గొల్లుమని నవ్వినారు. నేనూ నవ్వినాను, ఏం చేసేది! లోపల మాత్రం ఏడుపు. బస్సు ఎక్కేదానికి కూడా పనికిరాలేదు గదా టీచర్ ఆ కాలు, అనుకున్నాను.

అంతటితో అయిందా? టీచర్ నా పక్కకి వచ్చి కూచునింది. "బైరకూరు పాపా, నీ పరుగు గురించి మీ మామ చానా చెప్పినాడు. రెండో సగంలో నిన్ను దింపి ఆ రేణుక వెనకే వదుల్తాను. ఆ పిల్లని చూసినావా ఎప్పుడన్నా?"

"చూసినాను టీచర్."

"ఎట్లుంటాది?"

"కొంచెం... నా మాదిరే ఉంటాది."

"నీ అంత పొడుగా?"

"సరిగ్గా నా అంతే టీచర్."

అప్పుడు అర్థమయింది నాకు. బైరకూరు నుంచి ఎవురో కొత్త పిల్ల వీళ్ళ టీంకి రావాల. ఆండర్సన్‌పేటలో వాళ్ళ మామ ఇంట్లో పండుకోని, అదే బస్టాండు కాడ ఎక్కాల. డ్రైవర్ అడిగింది నువ్వు ఆ పిల్లవేనా అని. నేను తలూపింది దానికి!

బంగారుపేట రైల్వే గేటు పడింది. వ్యాన్ నిల్చింది. నా ఫోన్ చూసుకుంటే సెల్వం సార్‌వి పదకొండు మిస్డ్ కాల్స్. కింద మెసేజ్: "యాడుండావు? తొమ్మిదిన్నరకి టీం పేర్లు ఇచ్చేయాల."

ఏం చేసేది? గేటు కాడే దిగి పారిపోదామా అనిపించింది. కడుపు నొప్పి అందామా అనిపించింది. కోలార్ దాంకా నోరు మూసుకోని పోయి, దిగినాక మెల్లిగా జారుకుంటే ఎవురికీ తెలీదు గదా, అని కూడా అనుకున్నాను. అయితే డబ్బాలో మిగిలిన ఒక్క ఇడ్లీ టీచర్ మళ్ళీ నా చేతిలోనే పెట్టింది. ఇంగ నా వల్ల కాలేదప్పా. లేచి నిలబడినాను. తల వ్యాన్ పైకప్పుకి ఠపీమని తగిలింది.

"టీచర్... ఆ రేణుక నేనే."

బయట రైలు ధడధడా పోతా ఉండాది.

అదే టైంకి మా నాయన ఫోన్. వంగి ఎత్తినాను. మా నాయన మాట్లాడితే ఫోన్ అక్కర్లేదు, ఆండర్సన్‌పేట నుంచే వినబడతాది. "రేణూ! యాడుండావే? సెల్వం సార్ వ్యాన్లో నువ్వు లేవంట! నీ సీట్లో బైరకూరు పిల్ల ఎవురో శాలువా ముసుగేసుకోని కూచోనుందంట! సార్ మ్యాచ్ ప్లానంతా చెప్పేసినాక, నేను ఊరిగాం టీం అని ఏడుస్తా ఉండాదంట!"

అందరూ నా తట్టు తిరిగినారు. ఆ తర్వాత చూడాల్సింది మీరు! టీచర్ సీటు పట్టుకోని నవ్వతా ఉండాది, కండ్లలో నీళ్ళు. వాళ్ళ గోల్‌కీపర్ మాత్రం నవ్వలేదు. "టీచర్, ఈడే దింపేసి పోదాం. వాళ్ళు పదిమందే ఆడతారు" అనింది.

టీచర్ నవ్వు ఆపేసింది. "పదిమంది మీద గెల్చి ఇంటికి పోయి ఏమని చెప్తావు? కూచో" అనింది. నా తట్టు తిరిగి, "అంతా విన్నావా?" అనింది.

"విన్నాను టీచర్."

"సరే. విన్నంత మాత్రాన కుడికాలు వచ్చేస్తాదా? ఆ ఇడ్లీ తిను."

కోలార్ గ్రౌండు గేటు కాడ రెండు వ్యాన్లూ పక్కపక్కనే నిల్చినాయి. ఈ తట్టు నుంచి నేను, ఆ తట్టు నుంచి బైరకూరు మంజుల తలకాయలు దించుకోని దిగినాము. సెల్వం సార్ నన్ను తిట్టేదానికి నోరు తెరిచినాడు గానీ, టైం లేదు. వాచీ చూపించి, "పేరు రాసినాను. పో, బూట్లేసుకో" అన్నాడు.

మ్యాచ్ మొదలయింది. సార్ ప్లాన్ ఒకటే: బాల్ పొడుగ్గా నాకు వేసేది. అది మంజుల పూర్తిగా వినింది గదా, రోజీ టీచర్ ఆ పిల్లని మొదట్నుంచే దింపేసింది. బాల్ యాడ పడతాదో ఆడ ముందే పోయి నిలబడతా ఉండాది, రాక్షసి! దొరికిన ఒకటి రెండు బాల్స్ నేను అలవాటు కొద్దీ లోపలికే తీసుకోని పోయినాను. ఇద్దరు అడ్డం. ఎడమకాలితో కొడితే వాళ్ళ కాళ్ళకే తగిలింది. అరగంటకి వాళ్ళు ఒక గోల్ కొట్టేసినారు. హాఫ్‌టైంలో సార్ నన్ను పక్కకి పిలిచినాడు. ఇంగ అయిపోయింది, పొద్దున మిగిలిన తిట్లన్నీ ఇప్పుడు తిడతాడు అనుకున్నాను.

"రేణూ, ఆ టీచర్ నీ గురించి ఏం చెప్పింది?"

సిగ్గు చంపుకోని ఉన్నది ఉన్నట్టు చెప్పినాను. సార్ అంతా విని, "నెల నుంచి నేనూ అదే గదమ్మా చెప్తా ఉండాను!" అన్నాడు. నిజమే. మన కోచ్ చెప్తే ఎక్కదు, ఎదుటి కోచ్ నవ్వతా చెప్తే మాత్రం ఎముకలోకి దిగుతాది!

రెండో సగంలో కార్నర్ నుంచి మా కెప్టెన్ తలతో కొట్టి ఒకటి ఒకటి చేసింది. ఆఖర్లో, ఇంగ రెండు మూడు నిమిషాలు ఉందనంగా, కుడిపక్కన బాల్ నా కాళ్ళ కాడికి వచ్చింది. ఎదురుగా ఇద్దరు, వెనక మంజుల. నేను భుజం లోపలికి వంచినాను. అంతే! ముగ్గురూ లోపలికి పోయి దోవ మూసినారు. గోల్‌కీపర్ కూడా అదే పక్కకి జరిగింది. బయట తట్టు చూస్తే అంతా ఖాళీ! బాల్‌ని బయటికి తోసి, నాలుగడుగులు పరిగెత్తి, కండ్లు మూసుకోని కుడికాలితో తన్నినాను.

అందంగా లేదప్పా ఆ షాట్. బూటు మొనతో పొడిచినట్టు పోయింది. గోల్ స్తంభం లోపలి అంచుకి కొట్టుకోని... వలలో!

జనం అరుపులు! మా వాళ్ళందరూ పరిగెత్తుకోని వస్తా ఉండారు. నేనేమో కుడికాలు పట్టుకోని ఆడే కూలబడినాను. సార్ బెదిరిపోయి మందు స్ప్రే తీసుకోని పరిగెత్తుకోని వచ్చినాడు. "ఏమైందమ్మా కాలికి?"

"ఏం కాలేదు సార్. ఊరికే చూస్తా ఉండాను."

విజిల్ ఊదినారు. రెండు ఒకటి. కప్పు మాది!

చేతులు కలిపే టైంలో రోజీ టీచర్ నా చెయ్యి వదల్లేదు. ఓడిపోయిన కోపం ముఖంలో ఉండాది, పెదాల మీద మాత్రం నవ్వు. "ఆ కుడికాలు ఎప్పట్నుంచి వచ్చింది నీకు?"

"బంగారుపేట గేటు కాడ్నుంచి టీచర్."

నెత్తి మీద ఒకటి మొట్టి, గట్టిగా కౌగిలించుకునింది.

సాయంత్రం జిల్లా టీం పేర్లు చదివినారు. నా పేరుండాది! మంజుల పేరు కూడా ఉండాది. వచ్చే వారం ఇద్దరం బెంగళూరికి పోవాల. మా అవ్వ వీధంతా బెల్లం పంచింది. లక్ష్మక్క కుంటుకుంటా వచ్చి భుజం తట్టింది. మా నాయనైతే ఆటో వెనక 'తొమ్మిదో నంబర్' అని రాయించేసినాడు.

సెల్వం సార్ ఇంటికొచ్చి జిల్లా టీం కాగితం నా చేతికి ఇస్తాడు అనుకుంటే, మా నాయన చేతికిచ్చినాడు. "పాప బెంగళూరులో ఆడేదానికి రెడీ. నువ్వు మాత్రం ఆ పొద్దు బాడుగ మానుకోని, వ్యాన్ బోర్డు చదివి, దీన్ని సీట్లో కూచోబెట్టి, అది కదిలినాకనే ఇంటికి రావాల," అన్నాడు. అట్లుండాది నా పరువు! కోలారు జిల్లా సెంటర్ ఫార్వర్డ్‌ని నేను, వ్యాన్ ఎక్కించేదానికి ఇంట్లోవాళ్ళు రావాల.