పంటిగుర్తు పడేంత వెన్న

హోల్గర్ తాతకి ఉన్న పిచ్చి ఒక్కటే: ఎదుటివాళ్ళ రొట్టెకి వెన్న రాయడం. లిమ్‌ఫ్యోర్డు జలసంధి ఒడ్డున ఉన్న పడవ పోటీల క్లబ్బులో ఎవరి రొట్టెకి వాళ్ళే వెన్న రాసుకున్న పాపాన పోలేదు. కొరికినచోట పళ్ళ గుర్తులు పడాలి, అప్పుడే అది వెన్న రాసిన రొట్టె అని డెన్మార్కులో అందరూ మాటవరసకి అంటారు. తాత మాత్రం నిజంగానే ఆ గుర్తులు వెతికి చూస్తాడు.

"ఏదీ, కొరుకు. చూపించు. ఇవేం గుర్తులు? నీకసలు పళ్ళున్నాయా? ఇటు తే!"

ఇంకో పొర పడుతుంది. తెడ్డు వేయడానికొచ్చే పళ్ళ డాక్టరు బిర్తె, "తాతా, మా ఆసుపత్రిలో పళ్ళ అచ్చులు తీసే పని నువ్వే చూసుకో" అంది. తాత దాన్ని మెచ్చుకోలు కింద జమ కట్టాడు. వంటగది తనిఖీకొచ్చిన పెద్దమనిషి కూడా మీసాలకి వెన్నతోనే బయటపడ్డాడు.

అస్తాకి మాత్రం ఆ వెన్న ప్రాణసంకటంగా ఉండేది. పడవ చివర కూర్చుని, చుక్కాని పట్టి, తెడ్లు వేసేవాళ్ళని కేకలతో నడిపించేది ఆ పిల్లే. "జూన్ పోటీ నాటికి నిబంధనలో ఉన్న కనీస బరువుకి దిగు, అంతకు మించిందంతా పడవకి దండగ మోతే. లేదా ఆ చోట ఇంకొకళ్ళని కూర్చోబెడతా" అంది కెప్టెన్ యుట్టా. దాంతో అస్తా దోసకాయ ముక్కలూ క్యాబేజీ నీళ్ళూ తప్ప ఏదీ ముట్టలేదు. బరువు జర్రున దిగింది. దాంతోపాటు గొంతూ దిగింది. ముందు కూర్చున్న బిర్తెకే కేకలు వినపడ్డం మానేశాయి.

ఒకరోజు రొట్టెని హంసకి విసురుతూ తాతకి దొరికిపోయింది.

"దానికి పెట్టావా! దానికి పళ్ళే లేవే!"

"నన్నొదిలెయ్ తాతా! నీ వెన్న పిచ్చికి నా చోటు పోయేట్టుంది!"

తాత మెల్లగా చొక్కా ఎత్తి, పొట్ట మీద పాత కోత మచ్చ చూపించాడు.

"నేనూ చుక్కాని పట్టినవాణ్ణే. కడుపు మాడ్చుకుని గబగబా తగ్గా. మరీ జోరుగా తగ్గితే, కొవ్వు బొత్తిగా తగలకపోతే, పిత్తాశయం సరిగా కదలదే పిల్లా. లోపల పసరు నిలవుండి గడ్డకట్టి రాళ్ళవుతుంది. పోటీనాడు నేను పడవలో లేను, ఆసుపత్రి బల్ల మీదున్నా."

"మరి అందరికీ ఎందుకు రాస్తావ్? బిర్తె ఏమన్నా మాడుతోందా?"

"మాడేవాళ్ళకొక్కళ్ళకే రాస్తే వాళ్ళకి చిన్నతనం కాదూ? అందుకే అందరిచేతా తిట్లు తింటున్నా. తగ్గు, ఎవరొద్దన్నారు? నిదానంగా తగ్గు. ముందు డాక్టరు దగ్గరికి పద."

అస్తాకి నవ్వూ ఏడుపూ కలిసొచ్చాయి. ఇన్నాళ్ళూ పిచ్చి అనుకున్నది ఇదా!

రాళ్ళింకా పడలేదన్నాడు డాక్టరు. రోజూ కాస్త కొవ్వు తగలాలి, బరువు మెల్లగానే దిగాలి అని గట్టిగా చెప్పాడు.

పోటీనాడు అస్తా ఆ కనీస బరువు కన్నా ఎక్కువే తూగింది. యుట్టా ముఖం ముడుచుకుంది.

"ఇదీ నా బరువు. వద్దంటే ఇప్పుడే చెప్పెయ్," అంది అస్తా.

"ఈ పిల్ల దిగితే మేమూ దిగుతాం," అంది బిర్తె. "ఎముకలగూడు చెప్తే ఎవరు వింటారు? ఇవాళ దీని గొంతు విను, తర్వాత మాట్లాడు."

యుట్టా పక్కకి తప్పుకుని దారిచ్చింది.

పడవ మూడోదిగా వచ్చింది. కేకల్లో మాత్రం అస్తాదే మొదటి చోటు. ఒడ్డున పక్క ఊరాయన చెవులు మూసుకుని, "బాబోయ్, ఎవరండీ ఆ గొంతు?" అన్నాడు.

"మా పిల్లే," అన్నాడు హోల్గర్ తాత ఛాతీ విరుచుకుని. "కాస్త దగ్గరికి రానివ్వండి, ఇంకా బాగా వినపడుతుంది."