తోమాకు మొక్కిన జుట్టు

మేం నలుగురం అన్నదమ్ములం. ముగ్గురికి నలభై దాటకముందే నెత్తి మైదానమైంది. యాభై నాలుగేళ్లొచ్చినా జేబులో దువ్వెన పెట్టుకుని తిరిగేది నేనొక్కణ్ణే. అలాంటి జుట్టును మా ఆవిడ సుగుణ నన్నడక్కుండా ఏసుక్రీస్తు శిష్యుడైన తోమాకు మొక్కేసింది. పోయిన వానాకాలం నేను డెంగీతో సూర్యాపేటలో ఒక దవాఖానలో పడి ఉన్నప్పుడు, పక్క మంచం పేషెంటు తల్లి అపొస్తలులనే ఏసు శిష్యుల గుడుల గురించి, వాళ్ల మహిమల గురించి చెప్పిందట. మన పూజగది నిండా దేవుళ్లుండగా కొత్తాయన ఎందుకని అడిగితే సుగుణ మాట మార్చేసింది. నేను లేచి తిరుగుతున్నా మొక్కు మాత్రం అలాగే ఉండిపోయింది. బోరు మోటారు కాలినా, కుక్కరు విజిల్ వేయకపోయినా మొక్కు తీర్చనందుకేనని ఆవిడ భయం. సరిగ్గా నిద్ర కూడా పోవడం లేదని తెలిశాక ఇక తప్పలేదు.

నా సంగతి కూడా చెప్పాలి. నేను మిర్యాలగూడలో ఒక రైసుమిల్లుకు వడ్లు కొంటాను. రైతు మంచి సరుకని చెబితే సరిపోదు. బస్తాలో మోచేతి దాకా చెయ్యి పెట్టి, అడుగునున్న గింజలు తీసి, కొరికి చూశాకే ధర మాట్లాడతాను. ఈ అలవాటు మిల్లు గేటు దాటి బయటికి కూడా వచ్చేసింది. హోటల్లో ఇడ్లీని వేలితో నొక్కందే తినను. ప్లేట్‌లెట్లు పెరిగాయి, ఇంటికి వెళ్లొచ్చని డాక్టరు చెప్పినా నమ్మక, ఇంకో ల్యాబులో రక్తమిచ్చి చూసుకున్నాను. అందుకే బయలుదేరే ముందు కూడా గుడి ఎక్కడుందో సరిగ్గా కనుక్కున్నావా అని సుగుణను మళ్లీ మళ్లీ అడిగాను. కోదాడ అవతల, మేళ్లచెరువు రోడ్డులో అని గట్టిగా చెప్పింది. జీవితంలో ఆ ఒక్కసారి చెయ్యి పెట్టి చూడకుండా నమ్మాను.

పొద్దున ఏడింటికి మిర్యాలగూడలో కోదాడ బస్సెక్కాం. నేరేడుచర్ల, హుజూర్‌నగర్ మీదుగా రెండు గంటల పైనే పడుతుంది. ఆధార్ చూపిస్తే ఆడవాళ్లకు టికెట్టు ఉండదు కాబట్టి సుగుణ దర్జాగా కిటికీ పక్కన కూర్చుంది. మొక్కింది ఆవిడ, టికెట్టూ గుండూ మాత్రం నాకు. కోదాడ బస్టాండు బయట నొక్కి చూసిన ఇడ్లీలు తిని, పోనూ రానూ నాలుగు వందలకు ఆటో మాట్లాడుకుని, సిమెంటు లారీల వెనక దుమ్ము తింటూ ఆ ఊరు చేరాం. చిన్న గుడి, శుభ్రంగా ఉంది. గుడి చూసుకునే మరియమ్మ అనే పెద్దావిడ ఎదురొచ్చి, తలనీలాలా అని అడిగి, గుండు చేసే అతన్ని పిలిపించింది. వేపచెట్టు కింద పీట వేశారు. నా నెత్తిన చెంబెడు నీళ్లు పోశారు. అతను కత్తిలో కొత్త బ్లేడు పెడుతుండగా, లోపల దండం పెట్టుకుంటున్న సుగుణ బయటికొచ్చింది.

"ఆగుండ్రి జర. ఈయన చేతిల తాళాలున్నయేంది?"

ఉన్నాయి మరి, ఆయన తోమా కాదు, ఏసు ఇంకో శిష్యుడు పేతురు. స్వర్గానికి తాళాలు ఆయన దగ్గరే ఉంటాయని మరియమ్మ చెప్పింది. మా భాషలో గోడౌను ఇన్‌ఛార్జి అన్నమాట. దవాఖానలో ఆ తల్లి ఇద్దరు అపొస్తలుల సంగతీ చెబితే, మా ఆవిడ కథ ఒకాయనది, దారి ఇంకొకాయనది గుర్తుపెట్టుకుంది. నేను పీట మీద నుంచి మెల్లగా లేచి, గుడి దొరకనప్పుడు మొక్కు రద్దయినట్టేనని తీర్పు చెప్పాను. గుండు చేసే అతనికి బేరం పోతుందని దిగులు. మరియమ్మ మధ్యేమార్గం చూపించింది.

"ఈయనైతే ఏంటండి, ఆయనైతే ఏంటండి. అందరూ ఒక్క గురువు దగ్గర చదువుకున్నోళ్లే గదా. ఇచ్చేసి వెళ్లండి, వాళ్లూ వాళ్లూ చూసుకుంటారు."

మాట బాగానే ఉందిగానీ సుగుణ ఒప్పుకోలేదు. ఒకరికి మొక్కింది ఇంకొకరికి ఎట్లిస్తమని పట్టుబట్టింది. తోమా గుడి మోతె దగ్గరుందని మరియమ్మే దారి చెప్పింది. నెత్తి నుంచి నీళ్లు కారుతుండగా ఆటో ఎక్కితే, ఏమైందని డ్రైవరు అడిగాడు. దేవుడు మారాడన్నాను. అతను కోదాడ దాకా అద్దంలో నా నెత్తినే చూస్తూ నడిపాడు.

కోదాడ నుంచి సూర్యాపేటకు హైవే మీద బస్సులకు కొదవలేదు, గంటలో దిగాం. భోజనం చేసి ఖమ్మం వైపు వెళ్లే బస్సులో మోతె, అక్కణ్ణుంచి పొలాల మధ్య ఆటో. తోమా గుడి పేతురు గుడికంటే చిన్నది. లోపల గడ్డమున్న మనిషి విగ్రహం, ఒక చేతిలో మేస్త్రీలు వాడే మూలమట్టం, ఇంకో చేతిలో ఈటె. ఈసారి నేనే ముందు వెళ్లి పేరు చదివాను. తర్వాత అలవాటు కొద్దీ విగ్రహం చెక్కదా సిమెంటుదా అని వేలితో తట్టాను. వెనక ఎవరో నవ్వారు. ఆ గుడిలో ప్రార్థనలు చెప్పించే ఉపదేశి, దేవయ్యగారు.

ఆయన తోమా జీవితం చెప్పుకొచ్చాడు. ఏసు చచ్చి లేచాడని తోటివాళ్లంతా చెప్పినా తోమా నమ్మలేదట. మేకులు దిగిన గాయాల్లో నా వేలు పెడితేనే నమ్ముతానన్నాడట. ఏసు కోప్పడకుండా వచ్చి, ఇదిగో పెట్టి చూసుకోమన్నాడట. అంత అనుమానపు మనిషి తర్వాత ఓడెక్కి కేరళ దాకా వచ్చాడనీ, మద్రాసు దగ్గర కొండమీద ఈటె పోటుకు ప్రాణం వదిలాడనీ వాళ్ల నమ్మకం. ఇంకో కథ కూడా ఉంది. ఒక రాజు కోట కట్టమని డబ్బిస్తే తోమా మొత్తం పేదలకు పంచేసి, నీ కోట స్వర్గంలో లేచిందన్నాడట. మా మిల్లులో షెడ్డు కట్టమని ఇచ్చిన డబ్బుతో ఎవరైనా ఆ పని చేస్తే మా ఓనరు ఏం చేసేవాడో నాకు తెలుసు. అయినా మనిషి నాకు నచ్చాడు.

మళ్లీ పీట, మళ్లీ చెంబెడు నీళ్లు. అప్పుడు దేవయ్యగారు నా మొహం చూసి జాలిపడినట్టున్నాడు.

"మూడు కత్తెర్లు ఇచ్చినా సాలు సేటూ. గుండే కావాలని ఆయన ఏం అడుగడు."

నా ప్రాణం లేచొచ్చింది. సుగుణ వైపు చూశాను. మొక్కింది తనే అయినా జుట్టు నాది కాబట్టి నా ఇష్టమేనంది. ఆ మాట కోపంగా అనలేదు, అదే నన్ను ఇబ్బంది పెట్టింది. ఇంతమంది దేవుళ్లుండగా ఈయనకే ఎందుకు మొక్కావని మళ్లీ అడిగాను. ఈసారి చెప్పింది.

"మీరు ఏదీ నమ్మరు, నాకెరుక లేదా. మీ గురించి అడగాలంటే మీ అసుంటోడే ఉండాలె గదా. నమ్మేటోళ్లకు మీరు ఏం సమజైతరు?"

నేను ఒళ్లు తెలియకుండా పడి ఉన్న ఆ పూటల్లో, నన్ను మార్చమని కాకుండా, నాలాంటివాణ్ణే వెతికి నా తరఫున దేవుడితో మాట్లాడమని పంపింది. మొత్తం తీసెయ్యమని చెప్పి తల వంచాను. ఐదు నిమిషాల్లో నాలుగో అన్నదమ్ముడు కూడా మైదానమయ్యాడు.

సాయంత్రం సూర్యాపేటలో మిర్యాలగూడ బస్సెక్కాం. నాకు తలకు చల్లగాలి తగులుతోంది, బాగానే ఉంది. సుగుణ కాసేపు అటూ ఇటూ చూసి నా గుండు మీద చెయ్యి వేసింది. అరచేత్తో నుదుటి నుంచి మెడ దాకా, నేను వడ్లు చూసినట్టే మెల్లగా తడిమింది. బస్సులో ఏంటిది, అందరూ చూస్తున్నారన్నాను.

"ఏం లేదు. ఉన్నరా అని సూస్తున్న."

తోమా అనుమానంతోనే వేలు పెడతానన్నాడని పొద్దంతా అనుకున్నాను. పోయాడనుకున్న మనిషి ఎదురుగా నిలబడితే, ఎంత నమ్మకమున్నవాళ్లకైనా ఒకసారి తాకి చూసుకోవాలనే ఉంటుందని నాకప్పుడు తెలిసింది. పక్కన సుగుణ చాలా రోజుల తర్వాత హాయిగా నిద్రపోయింది.

మీరూ ఇలాంటి మొక్కుతో వెళ్తుంటే ఒక్క సలహా. నెత్తిన నీళ్లు పోయించుకునే ముందు విగ్రహం చేతిలో ఏముందో చూసుకోండి, ఎండకు టోపీ తీసుకెళ్లండి. తిరుగు బస్సులో మాత్రం ఆ టోపీ తీసెయ్యండి, పక్కన కూర్చున్నవాళ్లు చూసుకోవాల్సింది ఉంటుంది.