కెమెరాకి మూత పెట్టాక చెప్పిన మాట

పోయిన శుక్రవారం జెడ్డాలో మన తెలుగు సినిమా ఆడుతోందంటే, విజిట్ వీసా మీద వచ్చిన మా ఆవిడను వెంటబెట్టుకుని, నేను పనిచేసే రాబిగ్ నుంచి కారులో వెళ్లాను. తీసింది పరాయివాడు కాదు, ఒకప్పుడు క్యాంపులో నా పక్క మంచం వాడు, తమ్ముడని నేను నోరారా పిలుచుకున్నవాడు అని దారి పొడవునా గొప్పలు చెప్పాను. ఆ గొప్పలు తలుచుకుంటే ఇప్పుడు నా మీద నాకే మంట.

మేం క్యాంపులో ఉన్నప్పుడు, ఈ సౌదీలో సినిమా హాళ్లే లేని రోజులవి. తమ్ముడికి రిఫైనరీలో భద్రతా వీడియోలు తీసే ఉద్యోగం; సెలవు దొరికితే చాలు, చిన్న కెమెరా పట్టుకుని వెల్డర్ల చుట్టూ, వంటవాళ్ల చుట్టూ తిరిగి డాక్యుమెంటరీలు తీసేవాడు. మెస్సులో గోడకు దుప్పటి కట్టి చూపిస్తే, ఎవరి మొహం వాళ్లు చూసుకుని పెళ్లిచూపుల్లో లాగా సిగ్గుపడేవాళ్లం. అతనికొక పద్ధతి ఉండేది. ఎవరైనా మాట మధ్యలో తడబడితే వెంటనే లెన్సుకి మూత పెట్టి, "ఇప్పుడు చెప్పన్నా, ఇది మన మధ్యనే" అనేవాడు. అలా విన్నది ఎన్నడూ బయటపెట్టలేదు.

ఆ మూతను నమ్మే ఒకరోజు మనసు విప్పాను. మా తొలి బిడ్డ పురిట్లోనే పోయినప్పుడు, నాకు వీసా ఇచ్చిన అరబ్బు యజమాని, మా కఫీల్, సెలవివ్వలేదు, అందుకే రాలేకపోయానని ఇంట్లో చెప్పాను. నిజానికి నేను అడగనే లేదు. ఆ వారమే ఫోర్‌మన్‌ని ఎంచుతున్నారు. రాసుకున్న సెలవు కాగితాన్ని మడిచి హెల్మెట్ లోపలి పట్టీలో దోపుకుని నాలుగు రోజులు తిరిగాను. ఎవరికీ చెప్పని ఆ మాట చెప్పి నేను ఏడిస్తే, అతనూ కళ్లు తుడుచుకున్నాడు.

జెడ్డాలో తెర మీద హీరో కాగితం మడిచి హెల్మెట్‌లో దోపాడు. నా పేరు లేదు, ఊరు లేదు. కానీ పురిట్లో పోయిన బిడ్డ ఉంది, ఫోర్‌మన్ ఉద్యోగం ఉంది. నేను ఏ నెలలో ఫోర్‌మన్‌నయ్యానో మా ఆవిడకు బాగా తెలుసు. తిరుగు దారిలో ఒక్కటే అడిగింది, "అయితే ఆ పొద్దు మీరు అడగనే లేదా?" అని. ఇంక అబద్ధమాడలేక, లేదన్నాను.

మర్నాడు ఫోన్ చేసి వాణ్ని కడిగేశాను. "ఇది కథ గదన్నా, దీంట్లో నువ్వు యాడుండావు?" అన్నాడు. డాక్యుమెంటరీ తీసిన రోజుల్లో ఒక్క ముక్క వాడుకోవాలన్నా మనిషిని అడిగేవాడు. కథల్లోకి వెళ్లాక అడిగే పనే లేకుండా పోయింది. తమ్ముడనుకున్నవాడు నమ్మించి గొంతు కోశాడు.

ఇన్నేళ్లుగా కఫీల్ మాట వస్తే చాలు, మా ఆవిడ ఆయన వంశం మొత్తానికీ శాపనార్థాలు పెట్టేది. ఆ ముసలాయన పోయాడని నిన్న తెలిసి, ఆమెకు చెప్పాను. "పాపం, ఆయప్ప మనకేం జేసినాడు" అని వంటింట్లోకి వెళ్లిపోయింది. ఆ శాపనార్థాల చాటున నేనెంత క్షేమంగా బతికానో ఇప్పుడు తెలుస్తోంది.