పంకజమ్మ పట్టిన హారతి

చింతాద్రిపేటలో కూవం నది పక్కనున్న మా వీధిలో పెళ్లయినా, ఓట్లయినా ముందుగా హారతి పళ్లెం పట్టాల్సింది పంకజమ్మే. పసుపూ సున్నం కలిపిన ఎర్రనీళ్లలో తమలపాకు, దాని మీద కర్పూరం. ఆమె తిప్పడం మొదలుపెట్టాకే తక్కిన ఆడవాళ్లు తమ పళ్లేల్లో వెలిగిస్తారు. పార్టీలవాళ్లు పళ్లెంలో వేసే నోటును మాత్రం ఆమె ముట్టదు. "దిష్టి తీసేదానికి కూలీ ఏంది?" అని కసురుతుంది. అంత పొగరు ఆమెకే చెల్లింది లెండి.

ఈసారి కౌన్సిలర్ ఎన్నికల్లో ఆ పొగరు రెట్టింపయింది. నిలబడింది మా వీధి యతిరాజులు మరి. ఎక్కడిదో ఒక కంపెనీ మా ఇళ్లు పడగొట్టి అపార్ట్‌మెంట్లు కడతానంటే అడ్డం పడినవాడు. అతని డిపాజిట్‌కి వీధంతా చందాలు వేసుకున్నాం. పంకజమ్మ ఇడ్లీ కొట్టు మూసేసి మరీ ఇంటింటికీ తిరిగింది.

కాలినడకన ఓట్లడుగుతున్న యతిరాజులుకి ఉన్నట్టుండి పూల వ్యాను వచ్చింది. ఫోను తెరిస్తే అతని వీడియోలే. మా వీధి మొహం ఎరగని కుర్రాళ్లు ఒకే రంగు టీషర్టులు వేసుకుని కరపత్రాలు పంచారు. ఇదంతా ఎవరి డబ్బని అడగాలని మాలో ఒక్కరికీ తోచలేదు. సంబరంలో బుర్రలు పనిచెయ్యవు కదా!

ఆదివారం సాయంత్రం వ్యాను మా వీధికొచ్చింది. ముందు దిగినవాళ్లకే ముందు హారతి. గాలికి కర్పూరం ఆరిపోతుందేమోనని పంకజమ్మ చూపంతా దాని మీదే. పళ్లెం తిప్పి, నీళ్లలో వేలు ముంచి, బొట్టు పెట్టడానికి తలెత్తి కొయ్యబారిపోయింది. నుదురు వంచి నిలబడ్డది యతిరాజులు కాదు. ఆ మధ్య ఆమె గుమ్మం ముందు జేసీబీ నిలబెట్టి ఖాళీ చెయ్యమన్న కంపెనీ మేనేజరు.

వెనకాలే యతిరాజులు దిగాడు.

"పెట్టక్కా బొట్టు. సారు మనోళ్లే. వ్యాను, వీడియోలు అన్నీ ఆయన ఖర్చే."

"మన ఇండ్లు కూల్చేదానికి వచ్చినోడి దుడ్డా, రాజులూ?"

"దుడ్డు లేకుంటే ఎట్ల గెలిచేదిక్కా? గెలిచినంక చూసుకుందాం, సెరియా?"

"ఈడ గెలిచేది నువ్వా, ఈయనా?"

యతిరాజులు మేనేజరు మొహంలోకి చూశాడు. ఈలోగా వెనకనున్న ఆడవాళ్లంతా కర్పూరం వెలిగించేశారు. పంకజమ్మ తిప్పిందిగా మరి!

మర్నాడు ఇడ్లీ కొట్టు తెరవలేదు. పొద్దుగూకాక వచ్చిన ఆమెను, ఎక్కడికి పోయావమ్మా అని అడిగాను. ఊరి చివర అంబత్తూరులో అద్దె ఇల్లు చూసి, అడ్వాన్సు ఇచ్చి వచ్చానంది. పోలింగు ఇంకా జరగనేలేదు.