డబ్ల్యూ అక్క, ఆవిడ పాత మాట

మనిషి పోతే డాక్టరు వచ్చి నాడి పట్టుకుని చూసి, పోయాడని చెప్తాడు. మరి మాట పోయిందని ఎవరు చెప్పాలి? ఎక్కడ పట్టుకుని చూసి చెప్పాలి? నా బతుకంతా పుస్తకాల మధ్యే గడిచిపోయింది, చివరికి కూడా వచ్చేసింది, ఈ ప్రశ్నకి మాత్రం ఇంతవరకూ జవాబు దొరకలేదు. డబ్ల్యూ అక్కని అడిగి ఉంటే, కళ్ళద్దాల పైనుంచి ఒక చూపు చూసి, "అసలు పోయిందని నీకెవరు చెప్పారు?" అని ఎదురు అడిగి ఉండేది.

ఆవిడకీ కన్నవాళ్ళు పెట్టిన పేరొకటి ఉంది. హాజరు పట్టీలో తప్ప దాన్ని ఎవరూ వాడిన పాపాన పోలేదు. ఆవిడ పనిచేసింది ఇంగ్లీషు మాటలకి తెలుగు అర్థాలు రాసే నిఘంటువు ఆఫీసులో. అక్కడ ఎవరి వంతుకి ఏ అక్షరం వస్తే అదే వాళ్ళ పేరు. ఎస్ రాసే పెద్దమనిషి ఎస్ బాబాయి. ఆ అక్షరంలో ఉన్నన్ని మాటలు మరెందులోనూ లేవు కాబట్టి, తనని ఏ జన్మలో చేసిన పాపమో పట్టి పీడిస్తోందని ఆయన గొణుగుతూ ఉండేవాడు. క్యూ రాసినాయన పని ఇట్టే తెమిలిపోవడంతో ఉద్యోగం నుంచి కూడా తొందరగా దిగిపోయాడని వెక్కిరించేవాళ్ళు. అక్కకి డబ్ల్యూ వచ్చింది. వచ్చింది కదా అని ఊరుకోలేదు, దాన్ని కడుపున పుట్టిన బిడ్డలా వెనకేసుకొచ్చింది.

మేడ మీద పొడుగాటి గది. కింద అచ్చు యంత్రాలు. అవి తిరగడం మొదలుపెడితే పైన బల్ల మీది గ్లాసులో నీళ్ళు వణికేవి. అర్థాలు రాసిన చీటీలన్నీ పాత చెప్పుల డబ్బాల్లో పెట్టేవాళ్ళు. ఎండాకాలం గది నిండా కొత్త తోలు వాసన వచ్చేది.

ఆ ఆఫీసు పెట్టిన పెద్దాయన కాలం చేశాడు కానీ ఆయన పెట్టిన రెండు కట్టుబాట్లు మిగిలాయి. ఒకటి, కంటితో చూడని అర్థం రాయకూడదు. మరి ప్రేమ, దేవుడు లాంటి మాటలకి ఏం చేశారండీ అని కొత్తగా చేరినవాళ్ళు అడిగితే, చూశామని చెప్పేవాళ్ళ మొహాలు చూసి రాశామని ఎస్ బాబాయి చెప్పేవాడు. రెండోది, ఏ పేజీ అయినా అచ్చుకి దిగే ముందు రాసినవాళ్ళు లేచి నిలబడి గదిలో అందరికీ వినపడేలా చదవాలి. ఒక్కో అర్థం చదవగానే ఎవరో ఒకరు "చూశారా?" అంటారు. "చూశాను" అనాలి. పేజీ చివర "నాది" అనాలి. ఆ మాట పడేదాకా కాగితం మెట్లు దిగదు.

ఆవిడ బతుకులో మలుపు తెచ్చిన మాట 'రాట్'. ముందు డబ్ల్యూ ఉంటుంది, ఉన్నా నోరెత్తదు. 'వర్క్' అనే క్రియకి పూర్వం వాడిన భూతకాల రూపం అది. ఇప్పటివాళ్ళు 'వర్క్‌డ్' అంటారు. ఇంకొకరైతే ఆ ముక్క ఒకటి రాసి పడేసి టీ తాగడానికి లేచేవాళ్ళు. అక్క కూడా మొదట అంతే అనుకుంది. కానీ పాత పుస్తకాలు తిరగేస్తుంటే ఆ మాట ఒక్కో చోట ఒక్కో వేషంలో ఎదురైంది. ఒకచోట ఇనుము పక్కన, ఒకచోట పట్టుబట్ట మీద, ఒకచోట తుఫాను వెంట, ఇంకోచోట మనిషి మనసులో. ఇక చూడకుండా రాస్తే కట్టుబాటు తప్పినట్టే కదా అని సంచీ తగిలించుకుని బయల్దేరింది.

ముందు కమ్మరి కొలిమి దగ్గరికి వెళ్ళింది. కమ్మరి రెండు ఇనప పువ్వులు తెచ్చి ముందు పెట్టాడు. చూడ్డానికి కవల పిల్లల్లా ఉన్నాయి. ఒకటి అచ్చులో పోసింది, ఇంకొకటి సుత్తితో కొట్టి మలిచింది. తేడా ఏంటయ్యా అంటే, నోటితో చెప్పకుండా పోత పువ్వుని ఎత్తి రాతి మీద పడేశాడు. అది రెండు ముక్కలైంది. కొట్టిన పువ్వుని పడేస్తే ఒక రేక వంగి ఊరుకుంది. ఆ తర్వాత ఆయనకి గుర్తొచ్చింది, పగిలింది ఎవరో గేటుకి చేయించుకున్నదని. "వాళ్ళకేం చెప్పాలో అది కూడా మీ పుస్తకంలో రాయండమ్మా" అన్నాడు. ఆవిడ చీటీ మీద 'చేత ఇనుము' అని రాసుకుంది.

కుట్టుపని కోసం ఎక్కడికీ పోనక్కర్లేకపోయింది. ఇంట్లో అత్తగారే ఉంది. భర్తది ఊళ్ళు తిరిగే ఉద్యోగం కావడంతో ఇంట్లో ఎక్కువగా ఆ ఇద్దరు ఆడవాళ్ళే. అత్తగారు దిండు గలేబు అంచున లతలు కుడుతూ, కోడలు అడిగిందాన్ని విని, కుట్టిన లతనొకదాన్ని కత్తెర మొనతో విప్పి దారం లాగేసింది. గుడ్డని వెలుతురుకి ఎత్తి చూపించింది. దారం లేదు, లత మాత్రం సన్నటి చిల్లుల్లో అలాగే ఉంది. ఇంతకంటే నాకు చెప్పడం రాదమ్మాయ్ అంది. 'సూదితో పని చేయించుకున్న' అని ఇంకో చీటీ లేచింది.

తుఫాను సంగతి అందరూ చూసిందే. దాని వరద అచ్చుగదిలోకి వచ్చిన ఏడాది, కాగితం కట్టలు నీళ్ళు తాగి ఉబ్బి తలుపుని లోపలినుంచి నొక్కేశాయి. చివరికి గోడకి కన్నం పెట్టి లోపలికి వెళ్ళారు. ఆ గోడ దగ్గర నిలబడి, నీళ్ళు చేసిన పనికీ మనిషి చేసిన పనికీ ఇంగ్లీషువాడు ఒకే మాట ఎందుకు వాడాడో ఆవిడకి తెలిసొచ్చింది. నష్టాన్ని 'తెచ్చిపెట్టిన' అని రాసింది.

ఆఖరిది మనసు. ఎస్ బాబాయి భార్యకి ఆపరేషన్ జరుగుతున్న రోజున అక్క తోడుగా వెళ్ళి ఆసుపత్రి బెంచీ మీద ఆయన పక్కన కూర్చుంది. ఆయన చొక్కా చేతి గుండీ పెట్టుకుంటూ తీస్తూ, పెట్టుకుంటూ తీస్తూ, చివరికి దాన్ని ఊడబెరికాడు. ఊడిన గుండీని నోట్లో వేసుకుని పిప్పరమెంటు బిళ్ళలా చప్పరిస్తూ కూర్చున్నాడు. తానేం చేస్తున్నాడో ఆయనకి తెలియదు. ఆవిడా చెప్పలేదు. ఆపరేషన్ బాగానే అయింది. ఆ మహాతల్లి ఇప్పటికీ ఆయన్ని కూర్చోనివ్వదు, నిలబడనివ్వదు. అక్క మర్నాడు ఆఫీసుకొచ్చి, 'లోపల్లోపల నలిగి, ముట్టుకుంటే తెగేలా ఉన్న' అని రాసి డబ్బాలో పడేసింది.

ఇవన్నీ కలిస్తే నిండా ఒక కాలమ్ అయింది. అంత పెద్ద ఇల్లు కట్టాక, 'వర్క్' దగ్గర మళ్ళీ ఎందుకని అక్కడ ఈ రూపానికున్న పాత అర్థాలు కొట్టేసి 'రాట్ చూడు' అని రాసింది. ఆ మాట తన కాళ్ళ మీద తను నిలబడాలని ఆవిడ పట్టుదల.

కొత్త సంపాదకుడు వచ్చింది ఆ తర్వాతే. వయసులో ఆవిడకంటే బాగా చిన్న, మర్యాదస్తుడు, గొంతు పెంచి మాట్లాడే రకం కాదు. నిఘంటువు అన్ని సంపుటాలుగా వస్తే చదువుకునే పిల్లలు మొయ్యలేరని, ఒక్క పుస్తకంగా కుదించాలని ఆయన పట్టు. అందులో తప్పుపట్టడానికేమీ లేదు. వాడుకలో లేని మాటలన్నిటినీ ఎర్ర సిరాతో కుదించుకుంటూ వచ్చాడు. రాట్ దగ్గర కాలమ్ మొత్తం కొట్టేసి, 'పాత రూపం. వర్క్ చూడు' అని ఒక్క ముక్క మిగిల్చాడు.

అచ్చు నమూనా చేతికొచ్చాక అక్క చూసింది. రాట్ దగ్గరికి వెళ్తే వర్క్ చూడమంటుంది. వర్క్ దగ్గరికి వెళ్తే రాట్ చూడమంటుంది. పక్కింటికి వెళ్ళండని వీళ్ళూ, వాళ్ళింటికే వెళ్ళండని వాళ్ళూ చెరోవైపు తోసేస్తుంటే పాపం చదివేవాడు వీధిలో తిరుగుతూ ఉండాలి. గదిలో అందరూ పడీపడీ నవ్వారు. అక్క మాత్రం నమూనా పట్టుకుని సంపాదకుడి గదిలోకి వెళ్ళింది.

ఆయన కూడా నవ్వేశాడు. మంచిపని చేశారు మేడమ్, పరువు దక్కించారు, వర్క్ కిందే రెండు లైన్లు వేసేద్దాం అన్నాడు.

"రాట్ అక్కడ అద్దెకుండదు" అంది ఆవిడ.

"అది చచ్చిపోయిన మాట మేడమ్."

"మీ ఇంటి గేటు ఏ ఇనుముతో చేశారో చేసినవాణ్ణి అడగండి. చచ్చిపోయిందో లేదో వాడు చెప్తాడు."

ఆయన ఓపిగ్గా చెప్పాడు. ఇనుము ఒక్కదాని కోసం కాలమ్ ఇవ్వలేమన్నాడు. మిగతావన్నీ పాత పుస్తకాల్లో తప్ప ఎక్కడా కనపడవన్నాడు. పిల్లలకి అవి భారమన్నాడు.

"పాత పుస్తకం చదువుతూ ఒక పిల్ల ఆ మాట దగ్గర ఆగిపోతుంది. ఇంట్లో చెప్పేవాళ్ళుండరు. మన తలుపు తడుతుంది. తీస్తే గోడ కనపడాలా?"

సంపాదకుడు నమూనా తిరిగి ఆవిడ ముందుకి జరిపాడు. తర్వాత, చదివే రోజున ఆ పేజీ ఉన్నదున్నట్టు చదివి నాది అనాలని, అనకపోతే తర్వాతి పనికి ఆవిణ్ణి ఉంచడం తన చేతుల్లో ఉండదని, మెత్తగానే చెప్పాడు. పైనుంచి తనకీ ఒత్తిడి ఉందన్నాడు. అది అబద్ధం కాదని ఆవిడకీ తెలుసు.

ఆ సాయంత్రం ఇంటికెళ్ళి సంగతి చెప్తే అత్తగారు కుట్టు ఆపలేదు. ఉద్యోగం ఊరికే దొరుకుతుందా, ఒక్క మాటకి పంతమేంటి, మీ మామగారు కూడా ఇంతే, పట్టిన పట్టు విడవక ఏం బావుకున్నారు, అని వరసగా అంటించింది. కోడలు సంచీ కొక్కేనికి తగిలించింది. ముసలావిడే మళ్ళీ అడిగింది.

"నా కుట్టు కూడా కొట్టేశాడా అతను?"

"మొదట దాన్నే కొట్టేశాడు అత్తయ్యా."

సూది ఆగింది. "అయితే వాడి సంగతేదో తేల్చుకునే రా."

చదివే రోజు వచ్చింది. గది నిండింది. కిందినుంచి అచ్చు పనివాళ్ళు కూడా ఇద్దరు వచ్చి గుమ్మంలో నిలబడ్డారు. అక్క లేచి ఎప్పట్లాగే గొంతు సవరించుకుని చదవడం మొదలుపెట్టింది. ఒక్కో మాటా అవుతోంది. చూశారా అంటున్నాడు ఎస్ బాబాయి. చూశాను అంటోంది ఆవిడ. రాట్ దగ్గరికి వచ్చేసరికి కాగితం బల్ల మీద పెట్టేసింది. కళ్ళద్దాలు తీసి మడిచింది.

"రాట్. సుత్తితో కొట్టి మలిచిన. చేత ఇనుము" అంది.

సంపాదకుడు తల ఎత్తాడు. "మేడమ్, పేజీలో ఉన్నది చదవండి."

"పేజీలో ఉన్నది నేను రాయలేదు. నేను రాసింది చదువుతున్నాను." బాబాయి వైపు తిరిగి, అడగవేం అన్నట్టు చూసింది.

"చూశారా?" అన్నాడు ఆయన.

"చూశాను."

సూదితో పని చేయించుకున్న అంది. చూశాను అంది. తెచ్చిపెట్టిన అంది. గుమ్మంలో ఉన్న అచ్చు పనివాడు, మేమూ చూశాం అన్నాడు, గోడకి కన్నం పెట్టింది వాడే. పక్కవాడు మోచేత్తో పొడిచాడు. ఆవిడ తొందరపడలేదు. ఒక్కో అర్థాన్నీ దేనికది విడివిడిగా, ఎవరూ కాదనలేనట్టు పలికింది.

"లోపల్లోపల నలిగి, ముట్టుకుంటే తెగేలా ఉన్న."

ఈసారి ఎవరూ అడగలేదు. అడగాల్సిన బాబాయి తల వంచుకుని చొక్కా చేతి గుండీ పట్టుకుని కూర్చున్నాడు. ఆవిడే అంది, చూశాను అని.

తర్వాత సంపాదకుడి మొహంలోకి సూటిగా చూస్తూ, "ఇది నాది. ఆ కాగితం మీదున్నది నాది కాదు. పుస్తకంలోంచి తీసేస్తే తీసేయండి, నా నోట్లోంచి తియ్యలేరుగా" అంది. అని కూర్చుంది.

సంపాదకుడు చెడ్డవాడు కాదు. ఆయన మొహం కందిపోయింది. కానీ కింద యంత్రం ఖాళీగా ఉంది, పుస్తకం రావాలి. నడిచి వచ్చి బల్ల మీది కాగితం తీసుకుని, తను మిగిల్చిన ఆ ఒక్క ముక్కా తనే చదివాడు. "నాది" అన్నాడు.

"చూశారా?" అన్నాడు ఎస్ బాబాయి. కావాలని కాదు. నోటికి అలవాటై వచ్చేసింది. వచ్చాక ఏమన్నానో తెలిసి చేత్తో నోరు మూసుకున్నాడు.

సంపాదకుడు కాగితం వైపే చూస్తూ నిలబడ్డాడు. అబద్ధమాడొచ్చు, ఎవరూ పట్టుకోలేరు. ఆడలేదు.

"చూడలేదు" అన్నాడు. "అయినా వెళ్తుంది."

జేబులోంచి కలం తీసి కాగితం అడుగున సంతకం చేసి అచ్చు పనివాడి చేతిలో పెట్టాడు. పనివాడు దాన్ని అంటరాని వస్తువులా కొసలు పట్టుకుని మెట్లు దిగాడు. సంపాదకుడు ఏదో చెప్పాలని, బహుశా ఆవిడకే ఏదో సర్ది చెప్పాలని ఇటు తిరిగాడు. అక్క కుర్చీ బల్ల కిందికి నెట్టి ఉంది. సంచీ లేదు.

ఎస్ బాబాయి లేచి మెట్ల వైపు పరుగెత్తాడు. ఆ వయసులో ఆయన పరుగెత్తడం ఆ గదిలో ఎవరూ చూడలేదు. మలుపులో ఉన్న కిటికీ చువ్వలు పట్టుకుని కిందికి తొంగి చూశాడు. కాగితం బస్తాలు దించుతున్న బళ్ళ మధ్యనుంచి దారి చేసుకుంటూ డబ్ల్యూ అక్క రోడ్డు దాటుతోంది. అక్కా అని పిలవబోయి, ఆయాసంతో చువ్వలకి ఆనుకున్నాడు. వెళ్ళొస్తానని ఆవిడ ఎవరితోనూ అనలేదు. అడ్డొచ్చిన సైకిలువాణ్ణి చేత్తో ఆపి, అవతలి వైపు జనంలో కలిసిపోయింది.